జలపాతం, ఘాట్ రోడ్డు, ఒక గ్లాసు

ప్రత్యేక సంచికకు చరిత్ర మీద ఏదైనా రాసివ్వమని మన సంఘం కార్యదర్శిగారు అడిగినప్పుడు నేను వెనకాడాను. ఆబ్కారీ శాఖలో గుమాస్తాగా చేరి, ఆఫీసు సూపరింటెండెంటుగా పదవీ విరమణ చేసినవాణ్ణి. నేను చదివిన చరిత్ర తక్కువ, రాసిన రిజిస్టర్లు ఎక్కువ. అయినా రెండు ఒకరోజు యాత్రల గురించి మీతో చెప్పుకోవాలని ఉంది. ఒకటి అమెరికాలో అల్లుడు డబ్బు కట్టి పంపినది. రెండోది మంగంపేట నుంచి మనవాళ్లం పాతికమందిమి కలిసి బస్సు మాట్లాడుకొని వెళ్లినది. మొదటి యాత్రలో నాకొక ప్రశ్న గుర్తుకు వచ్చింది. రెండో యాత్రలో దానికి కొంత జవాబు దొరికింది.

ఆ ఊరి యాత్ర

2019 వేసవిలో నేనూ, మా శ్రీమతీ మా అమ్మాయి దగ్గరకు వెళ్లాము. వాళ్లుండేది ఆరెగాన్ రాష్ట్రంలో, పోర్ట్‌లాండ్ నగరం పక్కన. కంప్యూటర్ చిప్పులు తయారుచేసే పనిలో ఉన్న తెలుగువాళ్లు ఆ చుట్టుపక్కల చాలామంది ఉన్నారు. వాళ్ల తల్లిదండ్రులు వచ్చినప్పుడల్లా తప్పకుండా పంపే యాత్ర ఒకటుంది. పొద్దున ఒక చిన్న వ్యానులో పదిమందిని ఎక్కించుకొని, కొలంబియా నది లోయలో జలపాతాలు చూపించి, కొండ అంచున వేసిన పాత రోడ్డు మీద తిప్పి, మధ్యాహ్నం ద్రాక్షతోటలో సారాయి రుచి చూపించి, సాయంకాలానికి ఇంటి దగ్గర దింపుతారు. "సారాయి" అన్నందుకు అల్లుడు నవ్వి, "అది వైన్, మామా" అని సరిదిద్దాడు. మా శాఖలో ఆ రెండింటికీ వేర్వేరు రిజిస్టర్లు ఉండేవని నాకూ తెలుసు.

వ్యాను నడిపే ఆయనే గైడు. ఆ రోడ్డు గురించి ఆయన చెప్పిన సంగతులు మన రోడ్లు భవనాల శాఖ మిత్రులకు నచ్చుతాయి. 1913లో మొదలుపెట్టి 1922 నాటికి పూర్తి చేశారట. దాని రూపకర్త శామ్యూల్ లాంకాస్టర్ అనే ఇంజనీరు. 1908లో ఆయన యూరప్ వెళ్లి రైన్ నది ఒడ్డున వేసిన రోడ్లను పరిశీలించి వచ్చాడు. రోడ్డు వాలు ఎక్కడా నూటికి 5 వంతులు మించకూడదనీ, ఏ మలుపు వ్యాసార్ధమూ 100 అడుగులకు తగ్గకూడదనీ నియమం పెట్టుకున్నాడు. ఆ కొండల్లో ఆ నియమం నిలబెట్టడానికి ఒకచోట రోడ్డును మెలికలు మెలికలుగా తిప్పవలసి వచ్చింది. ఆ మెలికలన్నీ ఇప్పుడు చూడముచ్చటగా ఉన్నాయి. అవి ముచ్చట కోసం వేసినవి కావు, లెక్క కోసం వేసినవి.

ముల్ట్‌నోమా జలపాతం ఎత్తు 620 అడుగులు, రెండు అంచెలుగా పడుతుంది. రెండు అంచెల మధ్య చిన్న వంతెన ఉంది. సైమన్ బెన్సన్ అనే కలప వ్యాపారి ఇచ్చిన డబ్బుతో దాన్ని 1914లో కట్టారు. ఆయన పేరుతో పోర్ట్‌లాండ్ వీధుల్లో మరొక వస్తువు ఉంది. అవి మంచినీళ్ల కుళాయిలు. నీళ్లు చిమ్ముతూ ఉండే కంచు గిన్నెల్లాంటివి. 1912లో 20 కుళాయిల కోసం 10,000 డాలర్లు విరాళం ఇచ్చాడు. తన కూలీలు దాహమైతే నీళ్లు దొరకక బీరు తాగుతున్నారని చూసి ఈ పని చేశాడని అక్కడ చెప్పుకుంటారు. నిజమెంతో గాని, ఆబ్కారీ గుమాస్తాగా పనిచేసిన నాకు ఆ మాట మనసులో నాటుకుంది.

ఆ లోయ పుట్టుక కూడా గైడు చెప్పాడు. అక్కడి నల్లరాయి సుమారు కోటిన్నర సంవత్సరాల కిందటి లావా. 15,000 ఏళ్ల ప్రాంతంలో, మంచుయుగం చివర, ఎక్కడో ఎగువన మంచుగడ్డ ఒకటి నదికి ఆనకట్టలా అడ్డుపడి సముద్రమంత సరస్సు ఏర్పడింది. ఆ మంచుకట్ట తెగినప్పుడు వచ్చిన వరద లోయ గోడలను చెక్కేసింది. అదీ ఒకసారి కాదు, చాలాసార్లు. పక్కనుంచి వచ్చే వాగులు అందుకే అంత ఎత్తునుంచి ఒక్కసారిగా కిందికి దూకుతాయి. కట్ట తెగడం అన్న మాట అప్పుడు కథలాగా విన్నాను. రెండేళ్ల తరువాత మన జిల్లాలోనే వినవలసి వస్తుందని అనుకోలేదు.

గ్లాసు వెనుక

మధ్యాహ్నం హుడ్ రివర్ అనే ఊరు చేరాము. పియర్ పండ్లకు, ఆపిల్ తోటలకు పేరున్న ప్రాంతం. మన కోడూరులాగే ఎటు చూసినా తోటలు. వాటి నడుమ ద్రాక్షతోట, అందులో రుచి చూపే గది. పొడుగు గ్లాసులో రెండు గుక్కల వైన్ పోసి, దాన్ని తిప్పాలి, వాసన చూడాలి, నోట్లో పుక్కిలించాలి, కావాలంటే ఉమ్మెయ్యాలి అన్నారు. ఉమ్మడానికి ఒక పాత్ర కూడా పెట్టారు. ఆ కొండవాలు మట్టి ఎలాంటిదో, గాలి ఎటు వీస్తుందో, ఏ ఏడు వాన తగ్గిందో అన్నీ ఆ గ్లాసులో తెలుస్తాయని తోట యజమాని వివరించాడు. మర్యాదస్తుడు. తన నేలను ప్రేమించేవాడు. అందులో తప్పు పట్టవలసింది ఏమీ లేదు.

మా శ్రీమతి గ్లాసు తీసుకుంది. నేను ఆశ్చర్యపోయాను. ముక్కు దగ్గర పెట్టుకొని ఒకసారి వాసన చూసి బల్ల మీద పెట్టేసింది. "ఏమండీ, ముప్పై ఏళ్లకు పైగా మీరు లెక్క రాసింది దీనికేనా? మన పిల్లోళ్ల చదువులన్నీ దీంట్లోనుంచే వచ్చినాయి గదా. వాసన ఎట్లుంటాదో ఈపొద్దే చూస్తాండా" అంది. పక్కనున్నవాళ్లకు తెలుగు రాదు గనుక బతికిపోయాను.

ఆ గదిలో గోడమీద ఒక పాత ఫొటో ఉంది. అధికారులు పీపాలు పగలగొడుతున్న దృశ్యం. అడిగితే గైడు చెప్పాడు. ఆరెగాన్‌లో స్త్రీలకు 1912లో ఓటుహక్కు వచ్చింది. 1914లో ఆ రాష్ట్ర ప్రజలు మద్యనిషేధానికి ఓటు వేశారు. 1916 జనవరి 1 నుంచి అమలు జరిగింది. దేశమంతటికీ 1920లో నిషేధం వచ్చేసరికి ఆ రాష్ట్రం నాలుగేళ్లుగా పొడిగానే ఉంది. 1933లో దేశవ్యాప్తంగా ఎత్తేశారు. అంటే, ఆ రోడ్డు పూర్తయిన రోజుల్లో ఆ దారిన వెళ్లినవాడికి చట్టప్రకారం చుక్క దొరికేది కాదు. ఇప్పుడు జలపాతం, రోడ్డు, వైన్ మూడూ ఒకే టికెట్టులో ఇమిడిపోయాయి.

తిరుగుదారిలో వ్యానులో అందరూ కునుకు తీస్తున్నారు. నాకు మాత్రం 1992 నాటి ఒక మధ్యాహ్నం గుర్తుకు వచ్చింది.

మన రెండు జిల్లాల లెక్క

ఆ మధ్యాహ్నం సంగతి చెప్పేముందు దాని వెనకటి చరిత్ర చెప్పాలి. మద్రాసు రాష్ట్రంలో రాజాజీ ప్రభుత్వం 1937లో సేలం జిల్లాలో మద్యనిషేధం మొదలుపెట్టింది. మరుసటి ఏడు, 1938లో, దాన్ని రెండు జిల్లాలకు విస్తరించింది. ఆ రెండు జిల్లాలు ఏవంటే, చిత్తూరు, కడప. ఈ వ్యాసం చివర చెప్పబోయే యాత్ర దారి మొత్తం ఆ రెండు జిల్లాల్లోనిదే. తెలుగు నేలమీద మొట్టమొదట కల్లు దుకాణం మూతపడింది మనదగ్గరే. ఆ నష్టాన్ని పూడ్చుకోవడానికి అదే ప్రభుత్వం 1939లో అమ్మకపు పన్ను చట్టం తెచ్చింది. మన సంఘంలోని వాణిజ్యపన్నుల శాఖ మిత్రులు గమనించాలి, మీ శాఖ పుట్టింది మా శాఖ మూతపడినందువల్లనే!

ఆ తరువాత యుద్ధకాలంలో నిషేధం సడలింది. 1948కల్లా మద్రాసు రాష్ట్రమంతటా అమలులోకి వచ్చింది. 1953లో కర్నూలు రాజధానిగా ఆంధ్రరాష్ట్రం ఏర్పడింది. ప్రకాశం పంతులుగారి ప్రభుత్వం 1954 నవంబరులో పడిపోయింది. కారణం నిషేధం విషయమే. అవిశ్వాస తీర్మానంలో ఒకే ఒక్క ఓటు తేడా. రాజాజీ మంత్రివర్గంలో మంత్రిగా ఉండి నిషేధం తెచ్చిన చట్టాలలో పాలుపంచుకున్న ఆయనే, పదహారేళ్ల తరువాత ముఖ్యమంత్రిగా అదే నిషేధం గొడవలో పదవి పోగొట్టుకున్నారు.

నేను ఉద్యోగంలో చేరేనాటికి ఆ నిషేధం చరిత్రలో కలిసిపోయింది. సారా దుకాణాలకు ఏటా వేలం పాట జరిగేది. 1980లలో వారుణి వాహిని పేరుతో సారా పొట్లాల్లో ఊరూరికీ చేరింది. వేలం రోజున నా పని, ఏ ఊరి దుకాణం ఎంతకు పలికిందో రాసి, మొత్తం వేసి, కిందటి ఏటికంటే ఎంత పెరిగిందో చూపడం. తేడా కాలమ్ ఎప్పుడూ పెరుగుదలే చూపించేది. సంవత్సరానికి ఒకసారి ఆ కూడికలో ఒక్క పైసా తప్పు లేకుండా తేలితే నాకెంతో తృప్తిగా ఉండేది.

నెల్లూరు జిల్లా దూబగుంటలో ఆడవాళ్లు సారా దుకాణం మూయించిన వార్త 1992లో రాష్ట్రమంతా పాకింది. అక్షరదీపం చదువుల బడిలో చేరిన ఆడవాళ్లు, తమ కథలాంటి పాఠం చదివి, కర్రలు పట్టుకొని కదిలారు. అక్కడి రోశమ్మ పేరు అందరికీ తెలిసింది. మన జిల్లా పల్లెల్లోనూ ఆ గాలి వీచింది. ఆ రోజుల్లో ఒక మధ్యాహ్నం కిటికీ దగ్గరికి ఒక ముసలామె వచ్చింది. కోడూరు పక్క పల్లె. గొడవ చేయడానికి రాలేదు. అర్జీ కూడా తేలేదు.

"నాయనా, పోయినేడు మా పల్లె అంగడి ఎంతకు పాడినారు?" అని అడిగింది.

అది దాచవలసిన సంగతి కాదు. రిజిస్టరు తీసి చెప్పాను.

"మా పల్లెలో నూటిరవై కొంపలు. కొంపకెంత పడింది?"

నాకు కూడికలు, తీసివేతలు అలవాటే. భాగహారం మాత్రం ఆ రిజిస్టరులో లేదు. చిత్తుకాగితం మీద వేసి చెప్పాను. ఆమె ఆ అంకెను రెండుసార్లు నోట్లో అనుకుంది. "మా కోడలు ఏడాదంతా కలుపు తీస్తే వచ్చేదానికంటే ఎక్కువే" అని, తువ్వాలు భుజాన వేసుకొని వెళ్లిపోయింది. ఆమె చెప్పిన దాంట్లో అతిశయోక్తి ఉందో లేదో నాకు తెలియదు. పాటదారుడు కట్టినది అంత. అతను లాభం వేసుకొని అమ్మింది ఇంకెంతో. అప్పటివరకు ఆ అంకెను నేను ఒక్కసారి కూడా ఇళ్లతో భాగించి చూడలేదు.

1993 అక్టోబరు 1 నుంచి రాష్ట్రంలో సారా నిషేధించారు. 1994 డిసెంబరులో ఎన్.టి.రామారావుగారు మళ్లీ ముఖ్యమంత్రి అయ్యారు. 1995 జనవరి 16 నుంచి సంపూర్ణ మద్యనిషేధం వచ్చింది. 1997లో ఎత్తివేశారు. ఆ తరువాతి చరిత్ర మీకు తెలిసినదే. నిషేధం మంచిదా, చెడ్డదా అన్న వాదనలోకి నేను పోను. దొంగసారా కేసుల కాగితాలు కట్టలు కట్టినవాణ్ణి గనుక, చట్టంతో అంతా బాగుపడుతుందని చెప్పలేను. కాని వైన్ రుచి చూసే గదిలో మన ఆడవాళ్ల మొహం ఎందుకు అలా మారుతుందో మన పిల్లలకు తెలియాలి. అది పాతకాలపు చాదస్తం కాదు. అది వాళ్లు చేసిన భాగహారం.

మంగంపేట నుంచి

ఊరికి తిరిగివచ్చాక మనకూ ఇలాంటి యాత్ర ఒకటి ఉండాలని అనుకున్నాను. కొండలున్నాయి, జలపాతం ఉంది, ఘాట్ రోడ్డు ఉంది. గ్లాసు స్థానంలో ఏం పెట్టాలన్నదే ప్రశ్న. కోడూరు పక్కన ఉంటూ దానికి జవాబు వెదకనక్కరలేదు. 2024 జనవరిలో, సంక్రాంతికి ముందు, పాతికమందిమి బయలుదేరాము.

బస్సు తెల్లవారుజామున మంగంపేట దగ్గర ఎక్కాము. ముందుగా గనిని దూరంనుంచే చూపించాను. మనం ముగ్గురాయి అని పిలిచే బరైటీస్ ఒకేచోట ఇంత పెద్ద ఎత్తున దొరికే తావులు ప్రపంచంలోనే అరుదు. మొదట వేసిన అంచనా 7 కోట్ల టన్నులకు పైనే. రాయి చూడటానికి బూడిదరంగులో మామూలుగా ఉంటుంది. చేతిలోకి తీసుకుంటే తెలుస్తుంది బరువు. నీటికంటే నాలుగు రెట్లకు పైగా, 4.2 దాకా సాంద్రత. ఆ బరువే దాని విలువ. చమురు బావి తవ్వేటప్పుడు బురదలో ఈ పొడి కలిపి పోస్తే, లోపలినుంచి తన్నుకొచ్చే చమురును, గ్యాసును ఆ బరువు అదిమిపెడుతుంది. మంగంపేట పొడి గల్ఫ్ దేశాల బావుల్లోకి చేరింది. మన పిల్లలు చేరినచోటికల్లా మన రాయి ముందే చేరి ఉంది.

ఈ రాయి అగ్నిపర్వతపు బూడిద గట్టిపడిన పొరలతో కలిసి, కడప రాతి శ్రేణుల్లో దొరుకుతుంది. వంద కోట్ల సంవత్సరాలకు పైబడిన రాళ్లు ఇవి. భూగర్భ సర్వే శాఖకు చెందిన విలియం కింగ్ 1872లోనే కడప, కర్నూలు రాళ్ల మీద పెద్ద గ్రంథం ప్రచురించాడు. ఆరెగాన్ గైడు కోటిన్నర సంవత్సరాలని గొప్పగా చెప్పినప్పుడు నాకీ సంగతి గుర్తులేదు. ఉంటే చెప్పి ఉండేవాణ్ణి. బస్సులో గనిలో పనిచేసి రిటైరైన మిత్రులు ఇద్దరున్నారు. గొయ్యి లోతు చూసి ఒకాయన, "మేం చేరినప్పుడు ఈడ చేను ఉండె" అన్నాడు. ఇంకేమీ అనలేదు.

అక్కడినుంచి కోడూరు. రైలు దారి పడినప్పటినుంచి దాని పేరే రైల్వే కోడూరు. మద్రాసునుంచి రాయచూరు వైపు వెళ్లే ఈ లైను 1871 నాటికి పూర్తయింది. పండు చెడకముందే మద్రాసు చేరే వీలు కలగడమే కోడూరు తోటల అదృష్టం. పక్కనే అనంతరాజుపేటలో బ్రిటిష్ కాలంలోనే మద్రాసు వ్యవసాయ శాఖ పండ్ల పరిశోధనా కేంద్రం పెట్టింది. మామిడిలో రకానికి రకం కలిపి కొత్త సంకర జాతులు తయారుచేసిన పని ఇక్కడ జరిగింది. నీలం, హిమాయుద్దీన్ కలిపిన నీలుద్దీన్ లాంటివి ఇక్కడివే. కోడూరు సాత్‌గుడి చీనీకి కూడా ఒకప్పుడు గొప్ప పేరు.

ఒక మిత్రుడి తోటలో అరటాకులు పరిచి, మా రుచిచూసే కార్యక్రమం పెట్టాము. బొప్పాయి, అరటి, సపోటా, చీనీ. మా శ్రీమతి గైడుగా నిలబడింది. "ఎవరూ పుక్కిలించబళ్ల్యా, ఉమ్మబళ్ల్యా, నమిలి మింగండి సాలు" అని నియమం చెప్పింది. చక్కెర వ్యాధి ఉన్నవాళ్లకు ఒక్కొక్క ముక్కే. కళ్లు మూసుకొని తిని ఏ తోటదో చెప్పమంటే, రైతు కుటుంబంలో పుట్టిన ఒక రిటైర్డు టీచరమ్మ, బోరునీళ్ల చీనీ ఏదో, బావినీళ్ల చీనీ ఏదో చెప్పింది. తోట యజమాని ఆమె చెప్పింది నిజమేనన్నాడు. ఆరెగాన్ తోటాయన ఉంటే ఆమెకు నమస్కారం పెట్టేవాడు. తలెత్తి చూస్తే మామిడి చెట్ల నిండా పూత. పండు తినాలంటే మేలో రావాలి. మేలో వస్తే జలపాతం సన్నబడుతుంది. రెండూ ఒకే రోజు దొరకవు.

బాలపల్లె దాటితే ఇరువైపులా శేషాచలం అడవి. ఎర్రచందనం సహజంగా పెరిగేది ప్రపంచం మొత్తంలో ఈ కొండల్లోనూ, చుట్టుపక్కల శ్రేణుల్లోనే. 2010లో శేషాచలాన్ని జీవావరణ రక్షిత ప్రాంతంగా ప్రకటించారు. తరువాత మామండూరు. వేట కథలు రాసిన కెన్నెత్ ఆండర్సన్ ఈ మామండూరునూ, తలకోన వైపున్న చామల అడవినీ తన పుస్తకాల్లోకి ఎక్కించాడు. తిరుపతి, చంద్రగిరి దాటి భాకరాపేట ఘాట్ ఎక్కాము. అందమైన దారి, జాగ్రత్తగా వెళ్లవలసిన దారి. 2022 మార్చిలో ధర్మవరంనుంచి నిశ్చితార్థానికి తిరుపతి వెళ్తున్న బస్సు ఒకటి రాత్రివేళ ఈ ఘాట్‌లోనే లోయలో పడి పలువురు చనిపోయారు. ఆ మలుపుల దగ్గర బస్సులో ఎవరూ మాట్లాడలేదు. లాంకాస్టర్ నియమం నాకు అప్పుడు బాగా అర్థమైంది. అందుకే పగలే వెళ్లి, పగలే ఘాట్ దిగాలని ముందే నిర్ణయించుకున్నాము.

తలకోన అంటే కోనకు తల. సిద్ధేశ్వరస్వామి గుడి దాకా బస్సు వెళ్తుంది. అక్కడినుంచి నడక. మెట్లు, రాళ్లు, వేళ్లు. దారి పక్కన చేతులంత లావున గిల్లతీగలు చెట్టునుంచి చెట్టుకు పాకి ఉంటాయి. 270 అడుగుల ఎత్తునుంచి నీళ్లు పడుతున్నాయి. ముల్ట్‌నోమాలో సగం కూడా లేదు. కాని అక్కడ కంచె అవతలనుంచి చూశాము. ఇక్కడ తుంపర మొహం మీద పడింది. మోకాళ్ల నొప్పులున్నవాళ్లు ఆరుగురు గుడి దగ్గరే కూర్చున్నారు. వాళ్లకోసం ఒక సీసాలో నీళ్లు పట్టుకువచ్చాము. అందరూ గుక్కెడు గుక్కెడు తాగారు. పైన రాళ్ల మీద పగిలిన మద్యం సీసాలు కూడా కనిపించాయి. మాలో ఇద్దరు వాటిని ఏరి సంచిలో వేసుకున్నారు. 2017లో ఆ కొలంబియా లోయలో ఒక కుర్రవాడు సరదాకు వెలిగించిన టపాకాయవల్ల దాదాపు 50,000 ఎకరాల అడవి తగలబడింది. మాడిన చెట్లు నేను చూసినప్పుడు ఇంకా నిలబడే ఉన్నాయి. అడవిలో సరదా ఖరీదు చాలా ఎక్కువ.

గుంజన వంతెన మీద

తిరుగుదారిలో కోడూరు చేరేసరికి చీకటి పడుతోంది. గుంజన ఏరు దగ్గర బస్సు ఆపమన్నాను. అప్పుడు సన్నగా పారుతోంది. 2021 నవంబరులో ఇదే ఏరు ఒడ్డున ఇళ్లను కోసుకుపోయింది. అదే వానలకు నవంబరు 19 తెల్లవారుజామున, ఎగువన పింఛా నీళ్లు తోడై, చెయ్యేరు మీది అన్నమయ్య జలాశయం కట్ట తెగింది. పులపత్తూరు, మందపల్లి, తొగూరుపేట లాంటి ఊళ్ల మీదికి నీళ్లు వచ్చాయి. పదుల సంఖ్యలో మనుషులు పోయారు. ఇళ్లు, పశువులు పోయాయి. పొలాల మీద ఇసుక మేటలు వేసింది. కార్తీకమాసం. శివాలయంలో పూజకు చేరినవాళ్లూ కొట్టుకుపోయారు.

ఆ రోజు మాతో వచ్చినవాళ్లలో ఒకాయన స్వగ్రామం అటువైపే. పొద్దుననుంచి నవ్వుతూ, నవ్విస్తూ ఉన్నాడు. జలపాతం దగ్గర మాత్రం ఫొటోకు నిలబడలేదు. ఆ సంగతి నేను ఇక్కడ వంతెన దగ్గర గాని గుర్తించలేదు. "నీళ్ల సప్పుడు ఇంటే నాకు ఇంగా నిద్ర పట్టదన్నా" అన్నాడు. మా శ్రీమతి ఆయన చేతిలో తోటనుంచి తెచ్చిన బొప్పాయి పెట్టింది. ఎవరికీ వేరే మాట తోచలేదు.

మంచుకట్ట తెగిన కథను గైడు చెప్పినప్పుడు మేమంతా ముచ్చటపడి విన్నాము. 15,000 ఏళ్లు గడిస్తే వరద కథ అవుతుంది. అప్పటికి మూడేళ్లు కూడా గడవని వరద కథ కాదు. ముసలామె అడిగిన ప్రశ్న ఇక్కడా వర్తిస్తుంది. నష్టం మొత్తం ఎంతో లెక్కలు రాసేవాళ్లు రాస్తారు. ఇంటికెంత పడిందన్నది ఆ ఇంటివాళ్లను అడిగితేనే తెలుస్తుంది. మనం ఉద్యోగాల్లో ఉన్నప్పుడు మొత్తాలు రాశాము. ఇప్పుడు తీరిక ఉంది. ఆ ఊళ్ల మీదుగా కూడా ఒకసారి వెళ్లి, వాళ్ల అరుగుల మీద కూర్చొని, విని రావచ్చు.

వెళ్లదలచినవారికి

అక్టోబరునుంచి జనవరి దాకా తలకోనలో నీళ్లు బాగుంటాయి. భారీవానల హెచ్చరిక ఉన్నప్పుడు వెళ్లకండి. అటవీశాఖ వాళ్లు దారి మూసివేస్తే వాదించకండి, వాళ్లకు ఆ వాగు సంగతి మనకంటే బాగా తెలుసు. గుండెజబ్బు, మోకాళ్ల నొప్పి ఉన్నవారు గుడి దగ్గరే ఆగడం మంచిది. పట్టు ఉండే చెప్పులు, చేతికర్ర, మందులు, మంచినీళ్లు వెంట ఉంచుకోవాలి. పొద్దు ఉండగానే ఘాట్ దిగాలి. మనవళ్లను, మనవరాళ్లను తీసుకురండి. వాళ్లు జలపాతం చూస్తారు, మనం దారిపొడుగునా కథలు చెబుదాం.

ఈసారి సంఘం తరఫున రెండు యాత్రలు పెట్టాలని నా ప్రతిపాదన. చలికాలంలో తలకోనకు ఒకటి. మే నెలలో కోడూరు మామిడి తోటలకు, అక్కడినుంచి చెయ్యేటి ఒడ్డు ఊళ్లకు రెండోది. రెండో యాత్రకు వచ్చేవారు ఆ ఊళ్ల బడిపిల్లలకు తలా రెండు నోటుపుస్తకాలు తెస్తే బాగుంటుంది. పేర్లు ఇవ్వదలచినవారు నెలవారీ సమావేశంలో కార్యదర్శిగారికి చెప్పగలరు. పండ్లు కోసేపని మా శ్రీమతి తనదేనని చెప్పమంది.